చితికిన కండ

మార్చి 2, మంగళవారం

కోపం వచ్చినప్పుడు అరవకుండా కాగితం మీద పెట్టమని మా ఆవిడ ఈ పుస్తకం కొనిచ్చి చాలాకాలమైంది. కాగితానికి చెవులుండవు కదా, ఎంతైనా పడుతుందని ఆమె ధైర్యం.

ఈరోజు పెట్టాల్సింది చాలానే ఉంది. మా ఆవిడ తమ్ముడు చిన్నోడు కొన్నాళ్ళుగా పొద్దుటి సాధనకి ఎగనామం పెడుతున్నాడు. జ్వరమన్నాడు, నమ్మాను. మా బాక్సింగ్ క్లబ్బు ఎదురుగా ఉన్న టైర్ల షాపువాడు ఈ పూట పళ్ళికిలిస్తూ చెప్పాడు. "మీ బామ్మర్దికి లిఫ్టుల కంపెనీలో ఉద్యోగం ఖాయమైనట్టేనటగా, మిఠాయి ఎప్పుడు?"

శనివారం పోటీ. గెలిస్తే జట్టులోకి తీసుకుంటారు. వాళ్ళ అమ్మానాన్న పోయాక, మూతి మీద మీసం రాకముందే వాణ్ణి ఇంటికి తెచ్చుకున్నాం. అక్కే తల్లయింది. నేను తండ్రినో, గురువునో, ఏదో ఒకటి అయ్యాను. వాడి మొదటి గ్లవ్స్ తాళ్ళు ఈ చేతుల్తోనే కట్టాను. అలాంటివాడు నాకు మాట మాత్రం చెప్పకుండా లిఫ్టులు బాగుచేయడానికి బయల్దేరాడు. నిలదీస్తే, "చెప్దామనే అనుకున్నా బావా. చెప్తే నువ్వు వింటావా?" అన్నాడు.

సాయంత్రం కుర్రాళ్ళందరూ వెళ్ళాక కాస్త గట్టిగానే సాధన చేయించాను. బరువు బంతితో. ఛాతీ గట్టిపడాలి. దెబ్బకు దయ్యమే దిగుతుందంటారు, బద్ధకం దిగదా.

ఇప్పుడు కోపం లేదు.

మార్చి 3, బుధవారం

చిన్నోడు మంచం దిగలేదు. ఒళ్ళు నొప్పులట. ఒళ్ళు నొప్పుల్లేని బాక్సరూ, ఒళ్ళు తడవని చేపా ఎక్కడా ఉండరు.

మార్చి 4, గురువారం

సాధనకి వచ్చాడు. తాడుతో గెంతుతూ మధ్యలో ఆపేసి గోడకి ఆనుకున్నాడు. ఛాతీ పట్టేసిందన్నాడు. నొప్పేమిటో తెలిస్తేనే దాన్ని దాటడం తెలుస్తుందన్నాను. తలూపాడు. ఈమధ్య మాట తక్కువైంది వాడికి.

మా ఆవిడ పనిచేసేది మందుల షాపులో. వస్తూ వస్తూ నొప్పి మాత్రలు తెచ్చింది. "ఏమైందండీ వాడికి, మొహం అలా పాలిపోయింది?" అంది.

"పోటీ భయం," అన్నాను.

మార్చి 7, ఆదివారం. ఆస్పత్రి

నిన్న రాయలేకపోయాను.

మొదటి రౌండు మాదే. చిన్నోడి ఎడమ చెయ్యి పొడుగోడి మొహం మీద గంట కొట్టినట్టు మోగింది. పొడుగోడంటే అవతలి క్లబ్బు కుర్రాడు. మనిషి తాటిచెట్టంత ఉంటాడు, అసలు పేరు ఎవరికీ గుర్తులేదు. రెండో రౌండు మొదలయ్యాక చిన్నోడి చేతులు బరువెక్కాయి. పెదవుల రంగు పోయింది. "కొట్టరా, కొట్టు" అని తాళ్ళ మీద పడి అరిచాను. వాడు నా వైపు చూశాడు. రింగులో ఉన్నవాడు ఎదుటివాణ్ణి తప్ప ఇంకెవర్నీ చూడకూడదని నేర్పింది నేనే.

బెల్లు మోగాక మూలకొచ్చి పీట మీద కూలబడ్డాడు. దగ్గాడు. నా భుజం మీద నురగ పడింది, గులాబీ రంగులో. నోట్లో ఎక్కడో తెగిందనుకుని తువ్వాలుతో తుడిచాను. "ఊపిరాడట్లేదు బావా" అన్నాడు. చంకల కింద చేతులు వేసి లేపాను. "లే. ఇది గెలిస్తే జన్మంతా ఊపిరి పీల్చుకోవచ్చు," అన్నాను. ఈ మాటే అన్నాను, అక్షరం పొల్లుపోకుండా.

లేచాడు. రెండడుగులు వేశాడు. పొడుగోడి గ్లవ్ వాడి భుజానికి తగిలిందో లేదో, మోకాళ్ళు మడుచుకుని మొహం మీద పడ్డాడు. పోటీల డాక్టరు రింగులోకి ఎక్కి ఛాతీకి గొట్టం ఆనించి, నా వైపు తిరిగాడు. "లోపల పంపు విరిగినట్టుంది చప్పుడు. పట్టండి, మొయ్యండి," అన్నాడు.

ఆపరేషను చేసిన డాక్టరమ్మ పొట్టిమనిషి, మాట మాత్రం గట్టిది. ఆపరేషనుకి ముందు మమ్మల్ని కూర్చోబెట్టి, తన మొహానికున్న మాస్కు విప్పి దాని తాళ్ళు మా ఆవిడ రెండు చేతులకీ ఇచ్చింది. కిందికి లాగి పట్టుకోమంది.

"గుండెలో ఎడమవైపు పై గదికీ కింది గదికీ మధ్య ఒక తలుపుంటుందమ్మా. ఈ గుడ్డ ఆ తలుపు రెక్క అనుకోండి. తాళ్ళు పట్టుకున్న మీ పిడికిళ్ళు రెండూ కండరాలు. పాపిలరీ కండరాలంటారు. కింది గది గోడలోంచి వేళ్ళలా పైకి లేచి ఉంటాయి. గుండె పిండుకున్నప్పుడు అవి కూడా బిగుసుకుంటాయి."

"తలుపు మూయడానికా?" అంది మా ఆవిడ.

"కాదు. తలుపు రక్తం తోపుకే మూసుకుంటుంది. ఆ తోపుకి రెక్క పైకి తిరగబడిపోకుండా లాగిపట్టి ఉంచడానికి." ఆమె కింది నుంచి మాస్కులోకి గట్టిగా ఊదింది. గుడ్డ ఉబ్బింది, కానీ తాళ్ళ దగ్గర ఆగింది. "ఇప్పుడు ఒక పిడికిలి వదిలేయండి."

వదిలింది. డాక్టరమ్మ మళ్ళీ ఊదింది. గుడ్డ పటపటా కొట్టుకుంటూ తిరగబడింది.

"మీ తమ్ముడికి ఇదే జరిగింది. ఒక కండ తల తెగిపోయింది. ఒంట్లోకి పోవాల్సిన రక్తం వెనక్కి తన్ని ఊపిరితిత్తుల్లోకి పోతోంది. ఇంకాసేపుంటే తన రక్తంలో తనే మునిగిపోతాడు."

మా ఆవిడ ఆ తాడు పట్టుకుని అలాగే కూర్చుంది. చివరికి నర్సు వచ్చి వేళ్ళు విప్పి తీసుకుంది.

తెగిన కండని కుట్టాలని చూశారట. తడిసిన అట్టలా ఉందట, సూది నిలవలేదట. తలుపు తీసేసి, మూసుకున్నప్పుడల్లా టిక్కుమనే లోహపు కవాటం పెట్టారు.

మార్చి 8, సోమవారం

ఊపిరితో ఉన్నాడు.

మార్చి 9, మంగళవారం

పొడుగోడి క్లబ్బుకి వెళ్ళాను. రైలు పట్టాల పక్కన రేకుల షెడ్డు. బయట కుళాయి దగ్గర వాడు మొహం కడుక్కుంటున్నాడు. నన్ను చూసి కుళాయి కట్టేసి, "ఎలా ఉన్నాడు సార్?" అన్నాడు. ఆ అడగడమే నాకు మండింది. చంపినవాడే పరామర్శకి వచ్చినట్టు.

మొదటి దెబ్బ వాడు చూడలేదు. ముక్కు మీద పడింది. వెనక్కి తూలి కుళాయి గొట్టానికి వీపు కొట్టుకున్నాడు. రెండోది కడుపులో. ముందుకి వంగినప్పుడు జుట్టు పట్టుకుని మోకాలితో మొహం పగలగొట్టాను. నా చేతికి గ్లవ్ లేదు, బెల్లు లేదు, ఆపేవాడు లేడు. వాడు చేతులు అడ్డం పెట్టుకున్నాడే కానీ ఒక్కటి కూడా తిరిగి కొట్టలేదు. కొట్టగలడు. నాకంటే జానెడు పొడుగు, నా వయసులో సగం.

"సార్, నేను వాడి ఛాతీ మీద కొట్టనే లేదు సార్. వాడికి ఊపిరందట్లేదని నాకు తెలిసింది. అందుకే రెండో రౌండులో చెయ్యి తగ్గించాను."

విన్నాను. విన్నాకే దవడ మీద కొట్టాను. ఎండుకొమ్మ విరిగినట్టు చప్పుడైంది. కింద తడి సిమెంటు మీద పడి, దవడని రెండు చేతుల్తో పట్టుకుని, గొంతులో ఏదో శబ్దం చేస్తూ చుట్టుకుపోయాడు. నీళ్ళు ఎర్రగా కాలవలోకి పోయాయి. ఇంకోసారి తన్ని వచ్చేశాను.

చెయ్యి తగ్గించాడట. నా చిన్నోడి మీద జాలిపడ్డాడట.

వేళ్ళు వాచాయి, పెన్ను నిలవడం లేదు. మనసు తేలికైంది. తేలికవ్వాలి.

మార్చి 11, గురువారం

డాక్టరమ్మ మా ఇద్దర్నీ గదిలోకి పిలిచింది. తీసేసిన కండని పరీక్షకి పంపారట.

"అది తెగింది శనివారమే. కానీ చితికింది శనివారం కాదు," అంది. "దాని నడుమంతా అంతకు కొన్ని రోజుల ముందే చచ్చిపోయి ఉంది. ఛాతీకి ఎప్పుడో గట్టి దెబ్బ తగిలింది. కండ నలిగి, లోపల రక్తం గూడు కట్టింది. అలా నలిగిన కండ ఆ రోజే తెగదు. మెల్లగా మెత్తబడుతుంది. మనిషి తిరుగుతూనే ఉంటాడు, కాస్త నొప్పి, కాస్త దగ్గు. ఆ స్థితిలో రింగులోకి దిగాడు. గుండె వేగం పెరిగింది, కండ తట్టుకోలేకపోయింది."

"ఎలాంటి దెబ్బ?" మా ఆవిడ అడిగింది.

"గుండె నిండుగా ఉండి తలుపులు మూసుకునే క్షణంలో ముందు నుంచి పెద్ద బరువు పడాలి. వెనక్కి పోవడానికి చోటుండకూడదు. ఎదురు రొమ్ముకీ వెన్నెముకకీ మధ్య గుండె నలిగిపోతుంది. కారు గుద్దుకుని స్టీరింగు ఛాతీకి తగిలినవాళ్ళలో చూస్తాం. గుర్రం తన్నినవాళ్ళలో ఒకసారి చూశాను. పోటీకి ముందు అలాంటిదేమైనా..."

"లేదు," అన్నాను.

ఆమె ప్రశ్న ఇంకా పూర్తి కాలేదు. గుమ్మడికాయల దొంగంటే భుజాలు తడుముకోవడం అంటారే, అది నేనెప్పుడూ చూడలేదు, ఈరోజు చేశాను. మా ఆవిడ నా భుజాల వైపు కాదు, నా వాచిన చేతి వైపు చూసింది.

మార్చి 12, శుక్రవారం

లేదు. సాధనలో అందరికీ విసురుతాను. నాకూ మా గురువు విసిరాడు. నాకేమైంది? ఏమీ కాలేదు.

మార్చి 13, శనివారం

ఏమీ కాలేదు.

మార్చి 16, మంగళవారం

మొన్న క్లబ్బులో కుర్రాళ్ళు సంచుల మీద గుద్దుతుండగా ఒకామె లోపలికొచ్చింది. నడివయసు మనిషి, చేతిలో ఎక్స్‌రే. నేరుగా నా దగ్గరికొచ్చి దాన్ని కిటికీ వెలుతురుకి ఎత్తి చూపించింది.

"చూడు. ఇక్కడొకటి, ఇక్కడొకటి. పళ్ళన్నీ తీగల్తో కలిపి కట్టేశారు. గొట్టంతో తాగుతున్నాడు నా కొడుకు. పేరుకు పోటీ పిల్లాడు, ఇంట్లో బల్లిని కూడా తోలడు."

"మీవాడు మావాణ్ణి..." అని మొదలుపెట్టాను.

చెప్పు తీసింది. చెంప మీద ఒకటి, తల మీద ఒకటి, అడ్డం పెట్టిన చేతుల మీద ఎన్నో. కుర్రాళ్ళు సంచులు పట్టుకుని నిలబడిపోయారు. తాళ్ళ దాకా వెనక్కి నడిచాను. ఆయాసం వచ్చేదాకా కొట్టింది. చెప్పు కింద పడేసి, కాలు దూర్చుకుని, "స్టేషన్లో చెప్పే వచ్చాను. వాళ్ళు వస్తారు," అంది.

వచ్చారు. ఒక పగలూ ఒక రాత్రీ బెంచీ మీద కూర్చోబెట్టి వదిలారు. కేసు ఉంది. కుర్రాళ్ళలో సగంమంది ఇళ్ళలో మాన్పించారు.

మార్చి 17, బుధవారం

నిన్న మధ్యాహ్నం మా ఆవిడ ఆస్పత్రి నుంచి ఇంటికొచ్చింది. చెప్పులు విప్పలేదు. వంటగది గుమ్మంలో నిలబడి, "డాక్టరమ్మ వాణ్ణి అడిగింది," అంది. "మెట్ల మీద నుంచి పడ్డానని చెప్పాడు."

"ఔను, పడ్డాడేమో."

"మనింటికి మెట్లెక్కడున్నాయండీ?"

లేవు. వాకిట్లో ఒక్క గడప ఉంది, అంతే.

"క్లబ్బుకి లేవు. షాపుకి లేవు. వాడు వెళ్ళే లిఫ్టుల కంపెనీలో మెట్లు ఎవరెక్కుతారు? వాడు ఎవర్ని కాస్తున్నాడు?"

చెప్పాను. ఆమెకి చెప్పింది ఇక్కడా రాస్తాను. ఇన్నాళ్ళూ ఈ పుస్తకానికి కూడా 'కాస్త గట్టిగా సాధన' అనే చెప్పాను.

రెండో తారీఖు సాయంత్రం షట్టరు సగం దించాను. వాణ్ణి గోడకి ఆనించి నిలబెట్టాను. చేతులు వెనక్కి పెట్టుకోమన్నాను. పెట్టుకున్నాడు. అడ్డం పెట్టుకోవద్దన్నానని పెట్టుకోలేదు. పెద్ద బంతి, లోపల ఇసుక నింపినది, పెద్దవాళ్ళే రెండు చేతుల్తో ఎత్తేది. దాన్ని దగ్గర నుంచి వాడి ఛాతీ మీదకి విసిరాను. అది కింద పడితే తీసుకుని మళ్ళీ విసిరాను. "లిఫ్టులా? లిఫ్టులా?" అంటూ ఒక్కో మాటకీ ఒక్కోటి. సాధనలో అయితే ఎదుటివాడు దాన్ని పట్టుకుంటాడు, దెబ్బతో పాటు వెనక్కి జరుగుతాడు. వాడి వెనక గోడ ఉంది. ఆ గోడ ఉందనే అక్కడ నిలబెట్టాను.

"చాలు బావా," అన్నాడు. మర్యాదగా అన్నాడు, సాధనలో అన్నట్టే.

ఆపలేదు. ఆ తర్వాత వేసినవే గట్టివి. చివరిదానికి వాడి నోట్లోంచి గాలి మొత్తం పోయి, కళ్ళు తేలేసి గోడ వెంబడి జారి కూర్చున్నాడు. నీళ్ళు తాగించాను. "శనివారం నాకు థాంక్స్ చెప్తావు," అన్నాను. నవ్వబోయాడు కూడా.

ఇది విని ఆమె ఏడవలేదు. అల్మారా మీద నేను గెలిచిన కప్పుల్లో చేతికందింది తీసుకుంది. ఇత్తడిది, అడుగున చెక్క దిమ్మె. దాంతో మెడ కింద ఎముక మీద కొట్టింది. నేను కింద పడ్డాక భుజం మీద, వీపు మీద కొట్టింది. దిమ్మె ఊడిపోయింది. మిగిలిన కప్పులన్నీ చేత్తో తోసేసింది, అల్మారా అద్దం పగిలింది. ఆ ముక్కల్లో నిలబడి, "నా తమ్ముణ్ణి గోడకి పెట్టి కొట్టావు," అంది. "వాడు చేతులు వెనక్కి పెట్టుకున్నాడు. నువ్వు చెప్పావని. నువ్వు చెప్పావని పెట్టుకున్నాడు."

పెళ్ళయిన ఇన్నేళ్ళలో నన్ను 'నువ్వు' అనడం అదే మొదలు. కప్పు దెబ్బలకి రాని నీళ్ళు దానికొచ్చాయి.

అంతకంటే హీనమైనది ఒకటి ఉంది, అది ఆమెకి చెప్పలేదు. పొడుగోడు చెయ్యి తగ్గించానన్నప్పుడే నాకు తెలిసింది. తెలిశాకే దవడ విరగ్గొట్టాను.

మార్చి 27, శనివారం

చిన్నోణ్ణి ఇంటికి పంపారు. మా ఇంటికి కాదు. మందుల షాపు వెనక గది ఒకటి యజమాని ఖాళీ చేసిచ్చాడట, అక్కాతమ్ముళ్ళు అక్కడికి. సామాన్లు మొయ్యడానికి ఒక మనిషి కావాలి కాబట్టి నన్ను రానిచ్చారు.

డాక్టరమ్మ ముందు నన్నే కూర్చోబెట్టింది. ఆమెకి అంతా తెలుసు. "రక్తం పలచబడే మాత్ర బతికినంతకాలం వేసుకోవాలి. లేకపోతే లోహం మీద రక్తం గడ్డకడుతుంది. వేసుకుంటే, దెబ్బ తగిలినచోట రక్తం ఓ పట్టాన ఆగదు. మీకూ నాకూ తలకి చిన్న దెబ్బ తగిలితే బొప్పి కడుతుంది. ఇతనికి మెదడులో రక్తం కారొచ్చు. ఇతన్ని ఇంకెవరూ ఎప్పుడూ కొట్టకూడదు. అర్థమైందా మీకు?"

"అర్థమైందమ్మా," అన్నాను. తోటపని నేర్పుతున్నట్టు నిదానంగా చెప్పింది. తిట్టినా బాగుండేది.

లిఫ్టులో దిగుతున్నాం. ఎక్కడో గడియారం కొట్టుకుంటున్న చప్పుడు. ఎవరి చేతికీ గడియారం లేదు. చిన్నోడు చొక్కా పైగుండీ పెట్టుకున్నాడు.

ఏప్రిల్ 18, ఆదివారం

పొడుగోడి ఇంటికెళ్ళాను. తలుపు వాడే తీశాడు. మొహం ఒకవైపు లోపలికి పోయింది. "నీ తప్పేం లేదు. తప్పంతా నాదే. కోర్టులో కూడా అదే చెప్తాను," అన్నాను. దవడకి కట్టుంది, మాట్లాడలేడు. నేను పూర్తి చేసేదాకా నిలబడి విన్నాడు. తర్వాత తలుపు వేశాడు. విసురుగా కాదు, మామూలుగా.

మే 9

సాధనకి ఎవరూ రాలేదు.

జూన్ 20

బాక్సింగ్ సంఘంవాళ్ళు నా లైసెన్సు తీసేశారు. క్లబ్బు నెలాఖరుకి ఖాళీ చేయాలన్న ఇంటాయన ఇంకో రెండు వారాలు గడువిచ్చాడు. మా ఆవిడ వారానికోసారి వచ్చి తన బట్టలు కొన్ని తీసుకుపోతుంది. అన్నీ ఒకేసారి తీసుకుపోవచ్చు. ఎందుకు తీసుకుపోదో అడిగే ధైర్యం లేదు.

జులై 12, సోమవారం

ఒక కన్నే తెరుచుకుంది. అయినా రాయాలి.

నిన్న పొద్దున క్లబ్బులో సంచులు విప్పి దించుతున్నాను. చిన్నోడు వచ్చాడు. మూడున్నర నెలలకి చూడటం. చిక్కాడు. చొక్కా మెడ దగ్గర గాటు పైకొస కనిపిస్తోంది.

"గ్లవ్స్ ఇవ్వు," అన్నాడు.

"దేనికి?"

"రింగు ఇంకా విప్పలేదుగా."

"నీకు దెబ్బ తగలకూడదురా."

"తెలుసు. అందుకే వచ్చాను. నువ్వు కొట్టలేవు." చేతులకి గుడ్డ పట్టీలు తనే చుట్టుకున్నాడు, పళ్ళతో బిగించుకుంటూ. "నువ్వు చెయ్యెత్తితే నేను చావొచ్చు. ఎత్తకపోతే నీ పళ్ళు రాలొచ్చు. చూసుకో బావా."

షట్టరు దించి పారిపోవచ్చు. ఆ ఆలోచన రాలేదని రాస్తే అబద్ధం. తాళ్ళ మధ్య నుంచి లోపలికి దూరాను.

ముందు రెండు మూడు బలంగా లేవు. ఇన్నాళ్ళు మంచం మీదున్న మనిషి. తర్వాత చెయ్యి కుదురుకుంది. నేను నేర్పిన ఎడమ చెయ్యే. ముక్కు, పెదవి, మళ్ళీ ముక్కు. నోరంతా రక్తం. నేను చేతులు కిందికి పెట్టుకుని నిలబడ్డాను. నిలబడటం ఇంత కష్టమని తెలియదు. నొప్పి వల్ల కాదు. ముప్ఫై ఏళ్ళుగా దెబ్బ తగిలితే నా కుడి చెయ్యి నన్నడక్కుండానే వెళుతుంది. కనుబొమ పగిలి కంట్లోకి రక్తం దిగినప్పుడు అది వెళ్ళింది.

వాడి కణత పక్కన వేలెడు దూరంలో ఆగింది. ఆపింది నేనో కాదో నాకే తెలియదు.

వాడు తల తిప్పలేదు. నా పిడికిలి పక్కన వాడి కన్ను, రెప్ప కూడా వెయ్యలేదు. "కానివ్వు," అన్నాడు.

వెనక్కి నడిచి రెండు చేతులూ పై తాడు వెనక్కి దూర్చి, మోచేతుల దగ్గర మెలిపెట్టుకున్నాను. అలా కట్టేసుకుంటే తప్ప వాటి మీద నమ్మకం లేదు. వాడికి అర్థమైంది. దగ్గరకొచ్చి పక్కటెముకల మీద మొదలుపెట్టాడు. ఒకటి విరిగింది. ఆ చప్పుడు ఇతరుల ఒంట్లోంచి ఎన్నోసార్లు విన్నాను, లోపలి నుంచి వినడం వేరు.

కొడుతూనే మాట్లాడాడు, ముక్కలు ముక్కలుగా. "మెట్ల మీద పడ్డానని ఎందుకన్నానో తెలుసా. నీ కోసం కాదు. అక్కకి ఎవరూ మిగలరని." ఇంకొకటి కడుపులో. "ఆ గదిలో నా గుండె చప్పుడు వింటూ పడుకుంటుందది. ఆగిపోతుందేమోనని నిద్రపోదు." ఇంకొకటి. "దాని నిద్ర కూడా నువ్వే తిన్నావు."

నోట్లో నిండిన రక్తం పక్కకి ఉమ్మాను.

వాడికి ఆయాసం వచ్చింది. ఆగి, తాడు పట్టుకుని వంగి నిలబడ్డాడు. గ్లవ్స్ పళ్ళతో లాగి పడేసి పట్టీలు విప్పుకున్నాడు. అప్పుడు చూశాం ఇద్దరం. వేళ్ళ కణుపులు నల్లగా కమిలిపోయి ఉన్నాయి. చూస్తుండగానే వాపు మణికట్టు వైపు పాకుతోంది. కొట్టిన దెబ్బ కూడా తగిలిన దెబ్బే కదా. అది మా ఇద్దరికీ తట్టలేదు. వాడి మొహంలో కోపం మొత్తం పోయి భయం వచ్చింది. చిన్నప్పుడు మొదటిసారి ముక్కు పగిలినప్పటి భయం.

"చేతులు పైకెత్తి పట్టుకో. కదలకు," అన్నాను. నా నోట్లోంచి అది రక్తంతో కలిసి ఎలా వచ్చిందో కానీ, వాడు ఎత్తాడు.

ఒంటికన్నుతో స్కూటరు నడిపాను. వెనక కూర్చున్నాడు, నన్ను పట్టుకోలేదు. గతుకుల్లో కూడా పట్టుకోలేదు.

ఆస్పత్రిలో కుర్ర డాక్టరు మా ఇద్దర్నీ చూసి ఎవర్ని ముందు పట్టుకోవాలో తోచక నిలబడ్డాడు. "వీడి గుండెలో లోహపు కవాటం ఉంది, రక్తం పలచబడే మాత్ర వేసుకుంటాడు, ముందు వీణ్ణి చూడండి," అన్నాను. పరుగెత్తారు. రక్తం తీసి పరీక్షకి పంపారు, చేతులకి ఐసు కట్టి పైకి వేలాడదీశారు. పరీక్ష ఫలితం హద్దులోనే ఉంది. వాపు మణికట్టు దాటలేదు. చేతులు దక్కాయన్నారు.

మా ఆవిడ వచ్చింది. షాపు కోటు కూడా విప్పలేదు. రెండు మంచాలకీ మధ్య నిలబడి ఇటు ఒకసారి, అటు ఒకసారి చూసింది. వాడి మంచం దగ్గరికెళ్ళి కూర్చుంది. తెర పూర్తిగా లాగలేదు.

డాక్టరు కాగితం పట్టుకుని వచ్చాడు. "పోలీసులకి చెప్పాల్సిన కేసు ఇది. ఎవరు ఎవర్ని కొట్టారు?"

"అది మా..." అని నేను మొదలుపెట్టాను.

"నేనే కొట్టాను," అన్నాడు చిన్నోడు. "ఆయన చెయ్యెత్తలేదు."

"నాకు ఫిర్యాదేమీ లేదు," అన్నాను.

"ఆయన మీకేమవుతారు?"

చిన్నోడు తెర సందులోంచి నన్ను చూశాడు. మా ఆవిడ తల వంచుకుని వాడి చేతి కింద ఐసు సర్దుతోంది.

"మా అక్క మొగుడు," అన్నాడు.

డాక్టరు అలాగే రాసుకున్నాడు. నిజమే, వరసకి అందులో తప్పేమీ లేదు. మా ఆవిడ కూడా కాదనలేదు.